దేశాన్ని కొలిచిన కథ – 4: ఎండకు సాగిన గొలుసు

1799లో శ్రీరంగపట్నం కోట పడిపోయాక, ఇంగ్లీషు సైన్యంలో 33వ పటాలం అధికారి విలియం లాంబ్టన్ మద్రాసు ప్రభుత్వానికి ఒక ప్రతిపాదన పంపిన సంగతి పోయిన సంచికలో చెప్పుకున్నాం. ఈ సముద్రం నుంచి ఆ సముద్రం దాకా ద్వీపకల్పాన్ని త్రిభుజాలతో అల్లేస్తాననీ, పనిలో పనిగా భూమి ఆకారం సంగతి కూడా తేలుస్తాననీ ఆయన మాట. అనుమతి వచ్చింది, డబ్బూ వచ్చింది. 1802 ఏప్రిల్ 10న మద్రాసు పక్కన సెయింట్ థామస్ మౌంట్ దగ్గరి మైదానంలో పని మొదలైంది. ఏప్రిల్, మే నెలల్లో మద్రాసు ఎండ ఎలా ఉంటుందో తెలిసిన వాళ్ళెవరూ అలాంటి పనికి అలాంటి ముహూర్తం పెట్టరు.

ఎండ అనగానే మనుషుల అవస్థే గుర్తుకొస్తుంది. ఇక్కడ మాత్రం అసలు తంటా మనుషులతో వచ్చింది కాదు, చేతిలోని కొలబద్దతో వచ్చింది.

త్రిభుజాలతో నేలను కొలవడంలో ఒక గొప్ప సుఖం ఉంది. మొదటి త్రిభుజంలో ఒక్క భుజం పొడవు తెలిస్తే చాలు. ఆపైన కొండ మీంచి కొండకు, గోపురం మీంచి గోపురానికి కోణాలు చూసుకుంటూ పోతే మిగతా దూరాలన్నీ కాగితం మీద లెక్కలో వాటంతటవే వచ్చేస్తాయి. అడవిలో నడవక్కర్లేదు, ఏట్లో దిగక్కర్లేదు. కానీ ఆ మొదటి భుజాన్ని మాత్రం నేల మీద ఒంగి, అడుగడుగూ కొలిచి తీరాలి. దాన్ని ఆధార రేఖ అన్నారు. అందులో తప్పు దొర్లితే ఆ తప్పు త్రిభుజం నుంచి త్రిభుజానికి పాకి, చివరికి దేశపటం మొత్తానికీ అంటుకుంటుంది.

లాంబ్టన్ ఎంచుకున్న రేఖ మౌంట్ దగ్గర మొదలై దక్షిణంగా పెరుంబాక్కం గుట్ట దాకా సాగింది. పొడవు ఏడున్నర మైళ్ళ పైచిలుకు, అంటే సుమారు 12 కిలోమీటర్లు. చేతిలో ఉన్నది వంద అడుగుల ఉక్కు గొలుసు. ఒక్కోటి రెండున్నర అడుగుల చొప్పున 40 లంకెలు. చేసినవాడు లండన్‌లో ఆ రోజుల్లో పరికరాల తయారీకి పెట్టింది పేరైన జెస్సీ రామ్స్‌డెన్. ఆ గొలుసు ఇండియాకు రావలసిందే కాదు. 1793లో లార్డ్ మెకార్ట్నీ రాయబారం చైనా వెళ్ళినప్పుడు చక్రవర్తి చియెన్‌లుంగ్‌కు చూపించడానికి పట్టుకెళ్ళిన శాస్త్ర పరికరాల్లో అదొకటి. చక్రవర్తి వాటిని పెద్దగా పట్టించుకోలేదు. రాయబారం వెంట వెళ్ళిన డిన్‌విడ్డీ అనే శాస్త్రవేత్త వాటిలో కొన్నిటిని కలకత్తా చేర్చాడు. అలా చైనా చక్రవర్తికి అక్కర్లేని గొలుసు మద్రాసు పొలాల్లోకి వచ్చిపడింది.

దాన్ని నేల మీద ఈడ్చుకుంటూ పోలేదు. మూడుకాళ్ళ పీటలు వేసి, వాటి ఎత్తు మరలు తిప్పి సరిచేసి, వాటి మీద బల్లపరుపుగా చెక్క తొట్లు వరసగా అమర్చి, ఆ తొట్లలో గొలుసు పరిచారు. ఒక చివర బిగించి రెండో చివర బరువు వేలాడదీసి లాగారు. గొలుసు పక్కనే తొట్టిలో థర్మామీటర్లు పెట్టారు. గొలుసు పరిచిన ప్రతిసారీ వాటిలో అంకెలు చదివి పుస్తకంలో రాసుకున్నారు. ఎందుకో తెలియాలంటే చిన్న లెక్క చూడాలి.

ఉక్కు ఒక్క సెల్సియస్ డిగ్రీ వేడెక్కితే పది లక్షల పాళ్ళలో సుమారు పదకొండున్నర పాళ్ళు పెరుగుతుంది. వంద అడుగుల గొలుసుకు అది మిల్లీమీటరులో మూడో వంతు. గోటితో గీస్తే పడే గీత మందం కూడా ఉండదు. కానీ ఆ గొలుసును నాలుగు వందల సార్లు పరిస్తే గానీ రేఖ పూర్తి కాదు. ఒక డిగ్రీ తేడా పన్నెండు కిలోమీటర్ల మీద 14 సెంటీమీటర్లవుతుంది. బ్రిటిష్ వాళ్ళు తమ గజం కొలతకు పెట్టుకున్న ప్రమాణ ఉష్ణోగ్రత 62 ఫారన్‌హీట్ డిగ్రీలు, అంటే 17 సెల్సియస్‌కు కాస్త తక్కువ. లండన్‌లో అది మామూలు రోజు. మద్రాసులో మే నెల మధ్యాహ్నం ఇరవై డిగ్రీల తేడా వచ్చిందంటే, సవరించని రేఖలో తప్పు 2.8 మీటర్లు. అదే నిష్పత్తిలో తప్పును మోసుకుంటూ కన్యాకుమారి నుంచి హిమాలయాల దాకా 2,400 కిలోమీటర్లు పోతే అర కిలోమీటరు పైనే గల్లంతవుతుంది. తప్పు ఏ వైపుకో కూడా గమనించాలి. వేడికి గొలుసు సాగుతుంది గనక అది తక్కువసార్లే పడుతుంది. దాంతో ఉన్న దూరం కంటే లెక్కలో దూరం పొట్టిదవుతుంది. ఎండాకాలంలో కొలిస్తే దేశం కుంచించుకుపోతుందన్నమాట.

లోహం వేడికి ఎందుకు సాగుతుందో లాంబ్టన్ కాలంలో ఎవరికీ సరిగ్గా తెలియదు. ఇప్పుడు తెలుసు. అణువులు కూచున్నచోటే ఊగుతూ ఉంటాయి. వేడి పెరిగేకొద్దీ ఊపు పెరుగుతుంది. రెండు అణువులు మరీ దగ్గరికొస్తే గట్టిగా తోసుకుంటాయి, దూరం జరిగితే మాత్రం వెనక్కి లాగుడు అంత గట్టిగా ఉండదు. అందుకే ఊపు ఎక్కువైనప్పుడు లోపలి వైపు కంటే బయటి వైపుకే ఎక్కువ జరుగుతాయి, సగటు దూరం పెరుగుతుంది. కారణం తెలియకపోయినా వాడుక మాత్రం ఊళ్ళో కమ్మరికి ఎప్పటినుంచో తెలుసు. బండి చక్రానికి ఇనప పట్టా కొంచెం చిన్నదిగా చేసి, పిడకల మంటలో ఎర్రగా కాల్చి, చెక్క చక్రానికి తొడిగి నీళ్ళు పోస్తే పట్టా బిగుసుకుని ఆకుల్నీ పూటీల్నీ కరిచిపట్టుకుంటుంది. కమ్మరికి పనికొచ్చిన ఆ గుణమే సర్వే వాళ్ళకు శాపమైంది.

ఈ శాపం మొదట బయటపడింది గడియారాల దగ్గర. 1672లో జాన్ రిషే అనే ఫ్రెంచి ఖగోళవేత్త దక్షిణ అమెరికాలోని కయెన్ వెళ్ళాడు. పారిస్‌లో సరిగ్గా నడిచిన లోలక గడియారం భూమధ్యరేఖకు దగ్గరున్న ఆ ఊళ్ళో రోజుకు రెండున్నర నిమిషాలు వెనకబడింది. ఉష్ణదేశం కదా, లోలకం కడ్డీ వేడికి సాగి ఉంటుందని కొందరు తేల్చేశారు. న్యూటన్ ఒప్పుకోలేదు. పికార్, లా ఇర్ అనే ఇద్దరు ఫ్రెంచి శాస్త్రవేత్తలు ఇనప కడ్డీల్ని చలిలోనూ వేడిలోనూ కొలిచి చూసిన అంకెలు ఆయన దగ్గరున్నాయి. ఆ సాగుదల ఈ ఆలస్యానికి ఏ మూలకూ చాలదన్నాడు. ఇప్పటి అంకెలతో చూసినా అంతే. పది డిగ్రీల వేడికి ఉక్కు లోలకం రోజుకు అయిదు సెకన్లు వెనకబడుతుంది. రెండున్నర నిమిషాలు పోవాలంటే కయెన్ పారిస్ కంటే దాదాపు 300 డిగ్రీలు వేడిగా ఉండాలి! భూమి నడిమి భాగంలో ఉబ్బి ఉంది గనక అక్కడ గురుత్వం తక్కువ, అందుకే లోలకం నెమ్మదించిందని న్యూటన్ వాదన. భూమి ఆకారం మీద గొడవ అలా రాజుకుంది. నూటముప్పై ఏళ్ళ తర్వాత లాంబ్టన్ సెయింట్ థామస్ మౌంట్ కింద గొలుసు పరిచింది కూడా కొంతవరకు ఆ గొడవ తీర్చడానికే.

అయిదు సెకన్లే అయినా గడియారాలవాళ్ళు ఊరుకోలేదు. లండన్‌లో జార్జ్ గ్రాహమ్ లోలకం అడుగున పాదరసం గాజుగొట్టం పెట్టాడు. కడ్డీ కిందికి సాగితే పాదరసం గొట్టంలో పైకి ఉబ్బుతుంది, రెండూ చెల్లుకు చెల్లు. వడ్రంగి కుటుంబంలో పుట్టిన జాన్ హారిసన్ ఇత్తడి కడ్డీల్నీ ఉక్కు కడ్డీల్నీ పక్కపక్కన బిగించి, ఒకటి కిందికి సాగితే ఇంకోటి పైకి సాగేట్టు చేశాడు. ఇది 1720ల నాటి మాట. ఇత్తడి ఉక్కు కంటే ఒకటిన్నర రెట్ల పైనే సాగుతుంది. ఆ తేడాయే ఆయుధం. ఈ కిటుకు గుర్తుంచుకోండి, వందేళ్ళ తర్వాత కలకత్తా బాట మీద మళ్ళీ కనిపిస్తుంది.

నేల కొలిచేవాళ్ళు మాత్రం ముందు వేరే దారుల్లో తిరిగారు. 1784లో విలియం రాయ్ ఇంగ్లండులో హౌన్స్‌లో మైదానంలో అయిదు మైళ్ళ రేఖ కొలవబోయాడు. దాని ఒక కొస ఇప్పటి హీత్రో విమానాశ్రయం అంచున ఉంది. వేడికి చెక్క నిలువునా పెద్దగా సాగదు గదా అని మేలురకం దేవదారు కొలబద్దలు చేయించాడు. వేడికి సాగలేదు నిజమే, కానీ వానకు ఉబ్బాయి. ఇంగ్లండులో వానకు కొదవేముంది! వాటిని పక్కన పడేసి ఇరవై అడుగుల గాజు గొట్టాలు తెప్పించాడు. గాజుకు తేమ అంటదు, వేడికి సాగేదెంతో ముందే పరీక్షించి తెలుసుకోవచ్చు. ఆ గొట్టాలతో వచ్చిన పొడవు 27,404 అడుగులు. రాయ్ 1790లో చనిపోయాడు. మరుసటేడు అదే రేఖను రామ్స్‌డెన్ ఉక్కు గొలుసుతో కొలిస్తే తేడా మూడంగుళాల లోపే వచ్చింది. గాజంత నాజూకు పరికరం అక్కర్లేదనీ, థర్మామీటరు దగ్గర పెట్టుకుంటే గొలుసు చాలుననీ ఇంజనీర్లకు నమ్మకం కుదిరింది. లాంబ్టన్ గొలుసు పట్టడానికి వెనకున్న భరోసా అదే.

ఆ భరోసాలో ఒక చిల్లు ఉంది. థర్మామీటరు చెప్పేది థర్మామీటరు వేడిని. గొలుసు వేడిని కాదు. గాజు గోళంలో చెంచాడు పాదరసం చటుక్కున వేడెక్కుతుంది, చటుక్కున చల్లారుతుంది. వంద అడుగుల ఉక్కు నింపాదిగా వేడెక్కుతుంది. మబ్బు పట్టి వీడిందంటే రెండూ రెండు మాటలు చెబుతాయి. తొట్టిలో ఒక చివర నీడ, ఇంకో చివర ఎండ పడితే గొలుసుకు ఒకే ఉష్ణోగ్రత అంటూ ఉండదు. తొట్టికి ఆ కొసా ఈ కొసా థర్మామీటర్లు పెట్టి సగటు తీసుకోవడం తప్ప లాంబ్టన్ చేయగలిగిందేమీ లేదు. ఇంకో జాగ్రత్త కూడా తీసుకున్నాడు. రోజూ వాడే గొలుసు లంకెలు రాపిడికి అరిగి సాగుతాయి గనక రెండో గొలుసు ఒకటి ముట్టుకోకుండా దాచి, అప్పుడప్పుడు దానితో పోల్చి చూసుకున్నాడు. మే 22న మద్రాసు రేఖ ముగిసింది.

లెక్క తప్పకుండా ఉండాలన్న పట్టుదల ఆ బృందంలో అందరికీ అంటుకున్నట్టుంది. లాంబ్టన్ కింద కొన్నాళ్ళు పనిచేసి జబ్బుపడి ఇంటికెళ్ళిన హెన్రీ కేటర్, ఆ తర్వాత బ్రిటన్‌లో గజం, పౌను ప్రమాణాల మీద పెద్ద నిపుణుడై, 1817లో తన పేరుతో లోలకం తయారుచేశాడు. మన ఎండల్లో ఉడికినవాళ్ళకు వేడి మీద గౌరవం ఉండడం సహజమే.

త్రిభుజాలు ఉత్తరంగా పాకేకొద్దీ దారిలో కొత్త ఆధార రేఖలు కొలిచి, పాత తప్పు పెరగకుండా ఎక్కడికక్కడ కత్తిరించాలి. 1811లో గుత్తి దగ్గర ఒకటి, 1815లో నిజాం రాజ్యంలో బీదరు దగ్గర ఒకటి లాంబ్టన్ అదే గొలుసు పద్ధతిలో కొలిపించాడు. ఆ పిమ్మట హైదరాబాదు చాలాకాలం ఆయనకు మకాం. 1818లో అక్కడే సహాయకుడిగా చేరిన కుర్రాడు జార్జ్ ఎవరెస్ట్. కృష్ణా గోదావరుల మధ్య అడవుల్లో తిరిగి జ్వరంతో మంచం పట్టాడు. ఆ జ్వరాలు ఆయన్ని జీవితాంతం వదలలేదు. 1823 జనవరి 20న నాగపూరు దారిలో హింగన్‌ఘాట్ దగ్గర లాంబ్టన్ కన్నుమూశాడు. పనీ, గొలుసూ, కొలబద్దల మీద అనుమానాలూ అన్నీ ఎవరెస్ట్ నెత్తిన పడ్డాయి.

ఎవరెస్ట్‌ది అందరితో సర్దుకుపోయే స్వభావం కాదు. తనకన్నా ముందు జరిగిన పనిలో లోపాలు వెదకడం ఆయనకు అలవాటు, కొన్నిసార్లు అన్యాయంగా కూడా. కానీ గొలుసు విషయంలో ఆయన అనుమానం సమంజసమైనది. 1824–25లో మాళవంలోని సిరోంజ్ దగ్గర తానే గొలుసుతో రేఖ కొలిచి చూశాడు, తృప్తి కలగలేదు. ఆరోగ్యం దెబ్బతిని 1825లో ఇంగ్లండు వెళ్ళాడు. అక్కడే ఉండి అయిదేళ్ళు గాలించాడు. ఆ సమయంలోనే ఐర్లండులో థామస్ కోల్బీ ఒక కొత్త సరంజామా సిద్ధం చేస్తున్నాడు.

కోల్బీకి ఎడమ చెయ్యి లేదు. కుర్రతనంలో పిస్తోలు పేలి పోయింది. ఐర్లండు పటం గీసే పని ఆయనకు అప్పగిస్తే, 1827–28లో లాఖ్ ఫోయిల్ తీరంలో ఎనిమిది మైళ్ళ రేఖను ఉక్కు గొలుసుతో కాకుండా కొత్త కడ్డీలతో కొలిచాడు. ఆ కడ్డీల సంగతి కాస్త దగ్గరగా చూడడం మంచిది. చేతి పనితనంలో అవి హారిసన్ లోలకానికి మనవలు.

పదడుగుల పైచిలుకు పొడవున్న ఇనప కడ్డీ ఒకటి, అంతే పొడవున్న ఇత్తడి కడ్డీ ఒకటి, అంగుళం ఎడంతో పక్కపక్కన. రెండిటినీ మధ్యలో కలిపి బిగించారు. రెండు కొసల దగ్గరా రెండిటికీ అడ్డంగా ఒక ఉక్కు నాలుక. అది రెండు కడ్డీలకూ చీలలతో తిరిగేట్టు తగిలించి ఉంటుంది, ఇనప కడ్డీ దాటి కొంత బయటికి పొడుచుకొస్తుంది. వేడెక్కితే ఇత్తడి కొస అయిదు పాళ్ళు ముందుకు జరిగితే ఇనుము కొస మూడు పాళ్ళే జరుగుతుంది. నాలుక వంగుతుంది. ఇత్తడి దగ్గర అయిదు, ఇనుము దగ్గర మూడు, ఇంకా దూరం పోతే రెండు, ఒకటి, చివరికి సున్నా. ఆ సున్నా పడే చోట నాలుక మీద సూదిమొనంత చుక్క పెట్టారు. వేడికి కడ్డీలు సాగుతాయి, నాలుక వాలుతుంది, చుక్క మాత్రం కదలదు. ఈ చుక్క నుంచి ఆ చుక్కకు ఎప్పుడూ పదడుగులే. కడ్డీ ఎంత వేడిగా ఉందో అడగనక్కర్లేదు. థర్మామీటరుకు సెలవు.

కడ్డీని కడ్డీకి తగిలించి కొలిస్తే తాకిడికి జరిగిపోతుంది. అందుకని రెండు కడ్డీల చుక్కల మధ్య ఆరంగుళాలు ఖాళీ వదిలి, ఆ ఖాళీని జంట మైక్రోస్కోపులతో పట్టారు. ఆ జంటనూ ఇత్తడి, ఇనుము కలిపిన చట్రంలోనే బిగించారు. ఆరు కడ్డీలు, ఆరు ఖాళీలు కలిపితే ఒక వరసకు 63 అడుగులు. ఎవరెస్ట్ ఈ సరంజామాకు దాసోహమన్నాడు. అలాంటివే చేయించి, వాటిని సరిచేయగల పరికరాల నిపుణుడు హెన్రీ బారోను వెంటబెట్టుకుని 1830లో కలకత్తాలో దిగాడు. ఆయన కోసం అక్కడ ఇంకో నిపుణుడు కూడా ఉన్నాడు. ఆర్కాటుకు చెందిన సయ్యద్ మీర్ మొహసిన్ హుసేన్. ఇంగ్లీషు చదువు లేకపోయినా, కోణాలు కొలిచే థియొడొలైటును ఊడదీసి మళ్ళీ బిగించగలవాడు. తర్వాత్తర్వాత బారో కుర్చీలో కూచున్నది ఆయనే.

1831 చలికాలంలో కలకత్తా నుంచి బారక్‌పూర్ వెళ్ళే బాట మీద ఆరున్నర మైళ్ళ రేఖ మొదలైంది. బెంగాల్‌లో కొండల్లేవు గనక రెండు కొసలా 75 అడుగుల బురుజులు కట్టారు. లాంబ్టన్ మండువేసవిలో కొలిచాడు, ఎవరెస్ట్ నవంబరు దాకా ఆగాడు. అందులోనే మనిషి తేడా తెలుస్తుంది. బాట పొడుగునా డేరాలు. లోపల కడ్డీలు చెక్కపెట్టెల్లో. ముందు డేరా వేయడం, వెనక డేరా పీకడం, ఎండ పొడ కడ్డీ మీద పడనీయకపోవడం. మైక్రోస్కోపు ముందు ఒంగినవాళ్ళు చుక్క సరిగ్గా గీత మీదికొచ్చేదాకా ఊపిరి బిగబట్టడం. 63 అడుగుల చొప్పున అయిదువందల పైచిలుకు సార్లు ఇదే తంతు. బ్రాహ్మీ లిపిని చదివిన జేమ్స్ ప్రిన్సెప్ అక్కడికెళ్ళి ఆ దృశ్యాన్ని బొమ్మ గీశాడు. రేఖ 1832 జనవరికి ముగిసింది. ఆ రోజుల్లోనే పాత లెక్కల ముడులు విప్పడానికి కుదురుగా కూచున్న బెంగాలీ కుర్రాడు రాధానాథ్ సిక్దార్ గురించి ముందు ముందు చెప్పుకుందాం. ఆయనకు ఒక సంచిక విడిగా కావాలి.

అంతా బాగానే ఉంది. కానీ కడ్డీలు మాట మీద నిలబడ్డాయా? నమ్మకం కోసం ఎవరెస్ట్ వాటిని ప్రమాణ కడ్డీతో పదేపదే పోల్చి చూశాడు. తేలిందేమిటంటే, పదడుగులు ఎప్పుడూ పదడుగులు కావు. పొద్దెక్కేటప్పుడు ఒకలా, సాయంత్రం చల్లబడేటప్పుడు ఒకలా వెంట్రుకవాసి అటూ ఇటూ పోతున్నాయి. కారణం ఊహించదగ్గదే. ఇత్తడీ ఇనుమూ ఒకే వేడిలో ఉంటేనే అయిదుకు మూడు అన్న లెక్క నిలుస్తుంది. ఇత్తడిలోకి వేడి చురుగ్గా పాకుతుంది, ఇనుము నింపాదిగా అందుకుంటుంది. రెండూ సమానంగా వేడెక్కేట్టు పైన పూతలు పూసినా, ఐర్లండు మబ్బుల కింద పనికొచ్చిన పూత బెంగాలు ఎండ కింద పూర్తిగా పనిచేయలేదు. కడ్డీల్ని సరిచూసే ప్రమాణ కడ్డీ సంగతేమిటి? అది ఉత్త ఇనుము, వేడికి సాగేది. దాని పక్కన థర్మామీటరు పెట్టాల్సిందే. వీధి గుమ్మంలోంచి పంపేసిన థర్మామీటరు పెరటి గుమ్మంలోంచి మళ్ళీ లోపలికొచ్చింది.

ఇదే చిక్కును ఫ్రెంచివాళ్ళు అంతకు ముందే ఇంకో రకంగా పట్టారు. మీటరు పొడవు తేల్చడానికి 1798లో మెలూన్, పెర్పిన్యాన్ దగ్గర దెలాంబర్ బృందం వాడిన కడ్డీలు బోర్దా రూపొందించినవి. ప్లాటినం పట్టీ మీద రాగి పట్టీ, ఒక కొస బిగించి రెండో కొస వదిలేశారు. రెండూ వేరువేరుగా సాగుతాయి, వాటి మధ్య తేడా చూస్తే కడ్డీ తన వేడి తానే చెబుతుంది. నా మటుకు కోల్బీ కడ్డీ కంటే బోర్దా కడ్డీ తెలివైనది అనిపిస్తుంది. కోల్బీ సాగుదలను దాచేశాడు, దాచినది ఎంత తప్పిందో ఆ కడ్డీ చెప్పదు. బోర్దా దాన్ని బయటపెట్టి కొలిచాడు. ఎవరెస్ట్ ఫ్రెంచి పుస్తకాలు బాగా చదివినవాడే, అయినా కోల్బీకే ఓటేశాడు.

దాంతో పని పాడయిందనుకోకండి. వెంట్రుకవాసి తప్పులు తెలిశాక వాటిని కూడా లెక్కలో చేర్చారు. 1834–35లో డెహ్రాడూన్ రేఖ, 1837–38లో సిరోంజ్‌లో పాత గొలుసు రేఖకు బదులు కొత్త రేఖ, 1841లో మన పక్కనున్న బీదరు రేఖ, మూడూ కోల్బీ కడ్డీలతోనే. బీదరు పని ఎవరెస్ట్ సహాయకుడు ఆండ్రూ వా చేతి మీదుగా జరిగింది. సిరోంజ్ నుంచి నాలుగువందల మైళ్ళ పైచిలుకు త్రిభుజాల మీద నడిచివచ్చి, లెక్కలో బీదరు రేఖ పొడవు ఇంత ఉండాలని ముందే కట్టుకున్నారు. తర్వాత కడ్డీలతో కొలిచారు. ఏడుముప్పావు మైళ్ళు దాటిన రేఖ మీద తేడా నాలుగంగుళాల చిల్లర. లాంబ్టన్ 1815లో ఆ చుట్టుపక్కలే ఎండకు సాగే గొలుసు పట్టుకుని తిరిగినవాడు. బతికుంటే చూసి ఆనందించేవాడు.

1862–63లో విశాఖపట్నం దగ్గర ఇంకో రేఖ కొలిచారు. తెలుగు తీరం పటం దాని మీద నిలబడింది. ఈ కడ్డీలకు ఇంకో పెద్ద పరీక్ష 1869లో కన్యాకుమారి దగ్గర. ఈసారి రేఖ పొట్టిది, 1.7 మైళ్ళు. కానీ ఒకే రేఖను నాలుగుసార్లు కొలిచారు. కొలత ఎంత తప్పుతుందో కొలవడమే అక్కడ ఉద్దేశం. సగటుకూ ఏ ఒక్క కొలతకూ తేడా అడుగులో వెయ్యో వంతుల్లోనే వచ్చింది.

అసలు సాగని లోహమే ఉంటే ఇన్ని పాట్లు ఎందుకు? ఆ లోహం అనుకోకుండా దొరికింది. పారిస్ శివారు సెవ్ర్‌లో అంతర్జాతీయ కొలతల కార్యాలయంలో పనిచేసే స్విస్ శాస్త్రవేత్త షార్ల్ ఎదువార్ గియోమ్ ప్లాటినం కడ్డీల కంటే చవకైన లోహం కోసం నికెల్, ఇనుము కలిపి చూస్తూ ఉండగా, 1896లో నికెల్ 36 పాళ్ళు ఉన్న మిశ్రమం వేడికి దాదాపు కదలకపోవడం గమనించాడు. ఉక్కు సాగే దాంట్లో పదోవంతు కూడా సాగదు. దానికి ఇన్వార్ అని పేరొచ్చింది. 24 మీటర్ల ఇన్వార్ తీగలతో 1906లో ఆల్ప్స్ కొండల కింద సింప్లన్ సొరంగం పొడవునా కొలిచారు. గియోమ్‌కు 1920లో భౌతికశాస్త్రం నోబెల్ ఇచ్చారు. ఆ ఏడాది ఐన్‌స్టైన్ పేరు కూడా వినబడుతుండగా లోహాల వాడికి ఇచ్చారేమిటని కొందరు పెదవి విరిచారు. నేల కొలిచేవాళ్ళలో మాత్రం ఎవరూ విరిచి ఉండరు. ఇన్వార్ కూడా గుణవంతురాలేమీ కాదు. చుట్ట చుట్టేటప్పుడు ఒక్క దెబ్బ తగిలినా పొడవు మారిపోతుంది, ఊరికే ఉంచినా ఏళ్ళ మీద కొద్దికొద్దిగా పెరుగుతుంది.

1940ల్లో స్వీడన్‌లో బెర్గ్‌స్ట్రాండ్ కాంతి పోయివచ్చే సమయంతో దూరం కొలిచే యంత్రం చేశాడు. ఆ తర్వాత గొలుసులకూ కడ్డీలకూ తీగలకూ పని తగ్గిపోయింది. ఇప్పుడు రోడ్డు పక్కన మూడుకాళ్ళ పీట మీద కనిపించే టోటల్ స్టేషన్ కూడా ఆ వంశంలోదే. కానీ కాంతి వేగం గాలిని బట్టి మారుతుంది, గాలి వేడిని బట్టి మారుతుంది. ఉష్ణోగ్రతలో ఒక డిగ్రీ తప్పు పడితే కిలోమీటరుకు ఒక మిల్లీమీటరు దాకా తేడా. అందుకే పని మొదలెట్టే ముందు ఆ యంత్రంలో అప్పటి ఉష్ణోగ్రతా గాలి పీడనమూ ఎక్కించాలి.

వచ్చే సంచికలో కొలతల్ని వదిలి పట్టాల దగ్గరికి వెళదాం. 1874లో వాడి నుంచి సికింద్రాబాదుకు రైలొచ్చినప్పుడు ఇనుము ఇదే బుద్ధి ఇంకో రకంగా చూపించింది.